చిత్రకారిణి కేథె కోల్విట్స్

బాల్టిక్ సముద్రతీరమునకు సమీపమున, నాటి ప్రష్యా రాజ్యపు తూర్పు అంచున, కోనిగ్స్‌బర్గ్ అను పురాతన పట్టణ ముండెను. తత్త్వవేత్తయగు కాంట్ పుట్టి పెరిగినదియు, గతించినదియు అచటనే. రెండవ ప్రపంచయుద్ధానంతరము ఆ పట్టణము రష్యా వశమై, కలినిన్‌గ్రాడ్ అను క్రొత్త పేరు దాల్చినది. అచట 1867వ సంవత్సరము జూలై 8వ తేదీన ష్మిట్ దంపతులకు ఐదవ సంతానముగా ఒక ఆడుబిడ్డ కలిగెను. ఆమెయే కేథె.

తండ్రి కార్ల్ ష్మిట్ న్యాయశాస్త్రము చదివినవాడు. ప్రభుత్వోద్యోగములో చేరియున్నచో ఆతని జీవితము సుఖముగా సాగియుండును. కాని ప్రష్యా ప్రభుత్వపు నిరంకుశ పద్ధతులు ఆతనికి రుచింపలేదు. మనసునకు నచ్చని ప్రభువును కొలుచుటకంటె చేతిపనిచే బ్రతుకుట మేలని తలచి, ఆతడు తాపీపని నేర్చి, ఇండ్లు కట్టించు మేస్త్రీ యయ్యెను. తల్లికి తండ్రియైన యూలియస్ రూప్ మతబోధకుడు. ప్రభుత్వాధీనమందున్న చర్చితో విభేదించి, దానినుండి వెలివేయబడి, స్వతంత్రమగు భక్తసమాజమును నెలకొల్పిన ధీరుడాతడు. తాను సత్యమని నమ్మినదానికొఱకు నష్టమున కోర్చుకొనుట ఆ ఇంట వింత కాదు, అది నిత్యకృత్యము.

కేథె బాల్యమున చెల్లెలితో కూడి పట్టణమంతయు తిరుగుచుండెడిది. ప్రేగెల్ నది రేవునందు ఓడలనుండి బరువులు దించు కూలీలను చూచుచు గంటలకొలది నిలిచిపోయెడిది. వంగిన వీపులు, ఉబికిన నరములు, మొరటు చేతులు ఆమె కన్నులకు అందముగా తోచెను. కుమార్తె చేతిలో కళ కలదని తండ్రి కనిపెట్టి, ఒక చెక్కడపు పనివానియొద్ద ఆమెకు చిత్రలేఖనము చెప్పించెను. ఆ కాలమున జర్మనీలోని కళాపరిషత్తుల పాఠశాలలందు బాలికలకు ప్రవేశము లేదు. అందుచేత ఆమె మొదట బెర్లిను, తరువాత మ్యూనిక్ నగరములలో స్త్రీలకొఱకు ప్రత్యేకముగా నెలకొల్పబడిన పాఠశాలలందు విద్య గడించెను.

చిత్రకారిణి యనగానే మీకు రంగులు స్ఫురించును. కాని ఈమె ప్రసిద్ధ చిత్రములలో రంగులు దాదాపు లేవు. నలుపు, తెలుపు, వాని నడుమ బూడిదవన్నె, అంతే. రంగులకంటె గీతయే తన భాషయని ఆమె మ్యూనిక్ నగరముననే గ్రహించెను. రాగిరేకుపై మైనమువంటి పూత పూసి, దానిపై సూదితో బొమ్మ గీసి, రేకును ఆమ్లములో ముంచినచో గీతలున్నచోట లోహము కరగి గాడులు పడును. ఆ గాడులలో సిరా నింపి కాగితముపై ఒత్తినచో చిత్రము దిగును. ఈ విధమున ఒక్క రేకునుండి అనేక ప్రతులు తీయవచ్చును. తైలవర్ణచిత్రము ఒక్క ధనికుని గోడ నలంకరించును. అచ్చు చిత్రము వెల తక్కువదగుటచే సామాన్యుని యింటికిని చేరగలదు. కేథె ఈ మార్గము నెన్నుకొనుటకు ఇదియు ఒక కారణము.

1891వ సంవత్సరమున ఆమె కార్ల్ కోల్విట్స్ అను వైద్యుని వివాహమాడెను. బెర్లిను నగరపు ఉత్తరభాగమున కూలిజనము క్రిక్కిఱిసి నివసించు పేటలో ఆతడు వైద్యశాల తెఱచెను. కార్మికుల భీమానిధి ఇచ్చు స్వల్ప వేతనముతో ఆతడు వారికి చికిత్స చేయుచుండెను. ఆ దంపతులు ఆ ఇంటనే దాదాపు అర్ధశతాబ్ది కాపురముండిరి. హాన్స్, పేటర్ అను ఇరువురు కుమారులు వారికి కలిగిరి. వైద్యుని చూడవచ్చిన స్త్రీలలో కొందఱు ఆయన భార్యయొద్దకును వచ్చి కూర్చుండి తమ కష్టములు చెప్పుకొనెడివారు. పనిదొరకని భర్తలు, త్రాగుబోతు భర్తలు, ఆకలిగొన్న పిల్లలు, నెలలు నిండిన కడుపులు: ఆమె వినుచుండెను, వినుచు ఆ ముఖములను చూచుచుండెను. చిత్రము గీయుటకు ఆమె నమూనాలకొఱకు వెదకవలసిన పని లేకపోయెను.

1893వ సంవత్సరము ఫిబ్రవరి నెలలో ఆమె ఒక నాటకమును చూచెను. గెర్హార్ట్ హౌప్ట్‌మన్ రచించిన ఆ నాటకము సైలీషియా ప్రాంతపు నేతగాండ్రను గూర్చినది. 1844వ సంవత్సరమున, యంత్రపు బట్టల పోటీవలనను, వర్తకులు కూలిరేట్లు తగ్గించుటవలనను ఆ నేతగాండ్రకు పూట గడవని స్థితి యేర్పడెను. వారు గుంపులుగా లేచి వర్తకుల భవనములపై పడిరి. సైన్యము కాల్పులు జరుపగా 11 మంది మరణించిరి. మగ్గము గల ఇండ్లలో పుట్టిన పిల్లలకు ఈ కథను వివరించి చెప్పనవసరము లేదు. నాటకము చూచి వచ్చిన కేథె చేయుచున్న పనిని ప్రక్కకు నెట్టి, ఆ విషయముపై ఆఱు చిత్రముల మాలికను ఆరంభించెను. అది ముగియుటకు నాలుగేండ్లకు పైగా పట్టెను. మొదటి చిత్రమున మగ్గమునకును గోడకును నడుమ ఇఱుకైన గదిలో పడకపై బిడ్డ పడియుండును. తల్లి రెండు చేతులతో తల పట్టుకొని బిడ్డపై వంగియుండును. చివరి చిత్రమున ఆ మగ్గము ప్రక్కనే శవములను వరుసగా దించుచుందురు.

ఈ చిత్రమాలిక 1898వ సంవత్సరమున బెర్లిను మహాప్రదర్శనమున వెలసెను. న్యాయనిర్ణేతలు దీనికి స్వర్ణపతక మీయవలెనని సిఫారసు చేసిరి. వారిలో వృద్ధుడును సుప్రసిద్ధుడును నగు మెంత్సెల్ చిత్రకారుడు కూడ ఉండెను. కాని సంబంధిత మంత్రి, ఇట్టి విషయమునకును, ఇంత కఠినమగు చిత్రణమునకును ప్రభుత్వ గౌరవము తగదని చక్రవర్తి విల్హెల్మ్ IIకు సలహా చెప్పెను. చక్రవర్తి ఆ సలహా విని పతకమును నిరాకరించెను. తనను తిట్టిన కవిని సన్మానించిన ప్రభువులు చరిత్రలో అరుదుగా కలరు. విల్హెల్మ్ ఆ కోవకు చెందినవాడు కాడు. పతకము రాకున్నను ఆమె పేరు దేశమంతట వ్యాపించెను. ఈ మాలికను ఆమె తండ్రికి అంకితము చేసియుండెను. ప్రదర్శనమున వెలయకముందే ఆతడు పరలోకగతుడయ్యెను.

తరువాతి మాలిక 1524-25 సంవత్సరముల జర్మను రైతుల తిరుగుబాటునకు సంబంధించినది. దీనిలో ఏడు చిత్రములు కలవు. 1908వ సంవత్సరమునకు అవి పూర్తియయ్యెను. ఒకదానిలో ఎద్దులకు బదులు మనుష్యులే కాడి మోసి, నేలకు ముఖము తగులునంతగా వంగి, నాగలి లాగుచుందురు. మఱియొకదానిలో ఆన్నా అను స్త్రీ మనకు వీపు చూపి, చేతులు రెండును పైకెత్తి, రైతులను యుద్ధమునకు పురికొల్పుచుండును. అన్నిటికంటె నా మనసున నిలిచినది ఆఱవది. రాత్రి. యుద్ధభూమి యంతయు చీకటి. ఒక ముసలితల్లి చేత లాంతరు పట్టుకొని వంగి శవములలో తన కుమారుని వెదకుచున్నది. ఆ వెలుగు ఒక పిల్లవాని ముఖముమీదను, ఆ ముఖమును తాకుచున్న మోటుచేతిమీదను మాత్రమే పడుచున్నది. ఇది 1907వ సంవత్సరమున గీసినది. అప్పటికి ఆమె చిన్నకుమారుడు పేటర్ పదకొండేండ్లవాడు.

అంతకు నాలుగేండ్లు ముందు మఱియొక సంగతి జరిగినది. మృతశిశువును కౌగిలించుకొన్న తల్లిని చిత్రింపదలచి, ఆమె అద్దము ముందర కూర్చుండి ఏడేండ్ల పేటరును చేతులలోనికి తీసికొని తన రూపమునే గీసికొనుచుండెను. బరువునకు చేయి నొచ్చి ఆమె మూలిగెను. అప్పుడు పిల్లవాడు, చిత్రము చాల బాగుగా వచ్చునని చెప్పి తల్లిని ఊరడించెను.

1914వ సంవత్సరము ఆగస్టు నెలలో ప్రపంచయుద్ధము ఆరంభమైనది. పేటర్ అప్పుడు మిత్రులతో నార్వే దేశమున విహారయాత్రలో ఉండెను. వార్త వినగానే తిరిగి వచ్చి, తాను స్వచ్ఛందముగా సైన్యమున చేరుదునని పట్టుపట్టెను. వాని వయసు పదునెనిమిది. నేను ఉన్నతపాఠశాలలో చాల సంవత్సరములు పని చేసినవాడను. ఆ ప్రాయపు ఉత్సాహము ఎట్టిదో ఎఱుగుదును. ఆ వేసవిలో జర్మనీ యంతట పాటలు, పూలదండలు, ఊరేగింపులు. బడిపిల్లలును, అధ్యాపకులును ఒక్క ఊపున లేచి సైన్యమున చేరుచుండిరి. ఇరువదియొక్క సంవత్సరములు నిండనివాడు తండ్రి యనుమతి లేక చేరుటకు వీలులేదు. తండ్రి ససేమిరా యనెను. దేశమునకు ఇంకను తన యవసరము రాలేదని, పిలుపు వచ్చువఱకు ఆగుమని నచ్చచెప్పెను. పేటర్ తల్లివైపు చూచెను. ఆమె లేచి భర్తయొద్దకు పోయి కుమారుని పక్షమున మాటలాడెను. తండ్రి అంగీకరించెను.

అక్టోబరు మధ్యభాగమున పేటర్ యుద్ధరంగమునకు బయలుదేరెను. అదే నెల 22వ తేదీ రాత్రి బెల్జియము దేశమున డిక్స్‌మ్యూడ పట్టణ సమీపమున వాడు మరణించెను. నెల ముగియకముందే ఇంటికి వార్త వచ్చెను.

కేథె కోల్విట్స్ జీవితము ఇచటినుండి రెండవ భాగమున ప్రవేశించుచున్నది. అనుమతి ఇప్పించినది తానే. ఈ మాటను ఆమె ఎవరియొద్దను దాచలేదు, తనయొద్ద అసలే దాచుకొనలేదు. తన యాలోచనలను దినచర్య పుస్తకమున వ్రాసికొను అలవాటు ఆమెకుండెను; ఆ పుస్తకములలో ఈ బాధ సంవత్సరముల తరబడి కనబడును. యుద్ధము తప్పని యొప్పుకొనినచో కుమారుడు వ్యర్థముగా మరణించెనని చెప్పినట్లగును. వాని విశ్వాసమునకు తల్లియే ద్రోహము చేసినట్లగును. తప్పుకాదని చెప్పుదమన్న, ప్రతిదినము వార్తాపత్రికలలో చచ్చినవారి జాబితాలు. ఈ రెంటి నడుమ ఆమె నాలుగేండ్లు నలిగెను. బయటివారు ఆమెను దృఢచిత్త యనిరి. దృఢత్వ మంత సులభముగా వచ్చినది కాదు.

1918వ సంవత్సరము అక్టోబరులో, జర్మనీ ఓటమి స్పష్టమైన సమయమున, డేమెల్ అను ప్రసిద్ధకవి, మిగిలినవారందఱును స్వచ్ఛందముగా చివరి పోరాటమునకు రావలెనని పత్రికలో పిలుపునిచ్చెను. కేథె ఊరకుండలేకపోయెను. ఆమె ఆ కవికి బహిరంగముగా ప్రత్యుత్తరము వ్రాసి ప్రచురించెను. చనిపోయినవారు చాలునని, ఇంక ఒక్కడును పోరాదని ఆమె వాదము. గోతె మహాకవి వ్రాతనుండి ఒక పోలికను గ్రహించి, విత్తనపు గింజలను పిండి విసరరాదని ఆమె ఆ కవికి గుర్తుచేసెను. ఎంత కఱవు వచ్చినను విత్తనాలగాదె ముట్టని రైతుకుటుంబములవారికి ఈ మాటలోని బరువు తెలియును. ఒకనాడు కుమారునికి అనుమతి ఇప్పించిన తల్లి నాలుగేండ్ల పిదప దేశమంతటి తల్లుల పక్షమున ఆ అనుమతిని వెనుకకు తీసికొనినది.

యుద్ధము ముగిసి రాచరికము పోయి జర్మనీ గణతంత్రమయ్యెను. 1919వ సంవత్సరమున ప్రష్యా కళాపరిషత్తు ఆమెను సభ్యురాలిగా ఎన్నుకొనెను. అట్టి గౌరవము పొందిన మొదటి స్త్రీ ఆమెయే. పూర్వము బాలికలకు ప్రవేశము నిరాకరించిన వర్గమువారే ఇప్పుడు ఆమెకు ఆచార్య పదవి నిచ్చిరి. ఇదే కాలమున ఆమె కొయ్యచెక్కడము నేర్చుకొనెను. మచిలీపట్టణపు అద్దకమువారు బట్టలపై ఒత్తు దిమ్మెలవలె, కొయ్యపలకపై బొమ్మచుట్టు నున్న భాగమును తొలిచివేసి, ఎత్తుగా మిగిలినదానికి సిరా పూసి ఒత్తుట ఈ పద్ధతి. దీనిలో సన్నని నీడలకు తావు లేదు. నలుపైన నలుపు, తెలుపైన తెలుపు. తన దుఃఖమునకు తగిన రీతి ఇదియే యని ఆమె కనుగొనెను. యుద్ధము అను పేర 1922వ సంవత్సరము నాటికి ఏడు చిత్రములు చెక్కెను. వానిలో తుపాకులు లేవు, సేనానులు లేరు, శత్రువులు లేరు. బిడ్డను చేతులెత్తి సమర్పించు తల్లి, మృత్యువు డోలు కొట్టుచుండ దానివెంట నడచు యువకులు, ఒకరిపై ఒకరు కూలబడిన తల్లిదండ్రులు, వితంతువులు. ఒకదానిలో స్త్రీలందఱు కోటగోడవలె ఒక్కటిగా కూడి బిడ్డలను నడుమ దాచుకొనియుందురు.

గోడపత్రములును ఆమె చాల గీసెను. కఱవుపాలైన వియన్నా, రష్యా ప్రజల కొఱకు విరాళములు కోరుచు గీసినవి కొన్ని. 1924వ సంవత్సరమున, ఖాళీ గిన్నెలు పైకెత్తి కన్నులతో అన్నమడుగు జర్మను పిల్లల చిత్రమును గీసెను. అదే యేట, చేయి నింగి కెత్తి ఇక యుద్ధము వలదని ఎలుగెత్తు యువకుని చిత్రమును గీసెను. అది నేటికిని అనేక దేశములలో శాంతిసభల గోడలపై కనబడుచుండును.

కాని ఆమె మనసున దాగియున్న పని వేఱొకటి. పేటర్ మరణించిన రెండు నెలలలోపలనే ఆమె వానికొక స్మారకశిల్పము చేయ సంకల్పించెను. శిల్పవిద్య ఆమెకు క్రొత్త కాదు. పారిసు నగరమున దాని నభ్యసించి, రోదేఁ శిల్పిని దర్శించి వచ్చినది. మొదటి యూహలో పేటర్ నిడుపుగా పరుండియుండును. తలదిక్కున తండ్రి, పాదములచెంత తల్లి. కొన్నేండ్లు శ్రమించి, 1919వ సంవత్సరమున దానిని విడిచిపెట్టెను. ఎన్నివిధముల చేసినను కుమారుని రూపము ఆమె చేతికి దొరకలేదు. అయిదాఱేండ్ల పిదప మరల చేపట్టెను. 1926వ సంవత్సరమున భార్యాభర్తలు బెల్జియమునకు పోయి రోగెవెల్డ శ్మశానవాటికలో పేటర్ సమాధిని చూచి వచ్చిరి. పిదప ఆమె కుమారుని రూపమును పూర్తిగా వదలివేసెను. మిగిలినది తల్లిదండ్రులే. పోయినవాడు లేకుండుటయే ఆ శిల్పమునకు ప్రాణమయ్యెను.

1932వ సంవత్సరము జూలైలో ఆ రెండు నల్లఱాతి విగ్రహములు శ్మశానమున నిలుపబడెను. సంకల్పమునకును సిద్ధికిని నడుమ దాదాపు పదునెనిమిదేండ్లు గడచినవి, అనగా పేటర్ బ్రతికినంత కాలము. ఇరువురును మోకాళ్లపై నున్నారు. కాని వేఱువేఱు పీఠములపై. ఒకరినొకరు తాకరు. తండ్రి నిటారుగా, చేతులతో తన్ను తానే గట్టిగా బిగించికొని, పండ్లు కఱచుకొని చూచుచుండును. ముఖము కార్ల్ కోల్విట్స్‌ది. తల్లి తల వంచుకొని, శాలువ కప్పుకొని, నేలవైపు కుంగియుండును. ముఖము శిల్పిదే. క్షమింపుమని అడుగుచున్న భంగిమయని దానిని చూచినవారిలో పలువురకు తోచినది. నాకును అట్లే తోచును.

విగ్రహములు నిలిపి ఆఱు నెలలైన గడిచెనో లేదో, 1933వ సంవత్సరము జనవరిలో హిట్లరు అధికారమునకు వచ్చెను. నాజీలను ఎదిరించుటకు వామపక్షములన్నియు ఏకము కావలెనను ప్రకటనపై కేథె సంతకము చేసియుండెను. ఆ కారణముచే ఫిబ్రవరిలో ఆమెను నిర్బంధించి కళాపరిషత్తునుండి రాజీనామా చేయించిరి. అధ్యాపకత్వమును పోయెను. 1936వ సంవత్సరమున రహస్య పోలీసులు ఇంటికి వచ్చి, ఒక రష్యను పత్రికలో వెలువడిన సంభాషణను గూర్చి ప్రశ్నించి, నిర్బంధ శిబిరమునకు పంపుదుమని బెదరించిరి. ఆ యేడే ఆమె శిల్పములను ప్రదర్శనమునుండి తొలగించిరి. నిషేధపుటుత్తరువు ఏదియు బహిరంగముగా లేదు. కాని ప్రదర్శింపనిచ్చువారును లేరు, ఆమె పేరు వ్రాయు పత్రికలును లేవు. శిక్షకంటె ఈ మౌనమే ఆమెను ఎక్కువ బాధించెను. అమెరికాలో ఆశ్రయ మిత్తుమని పిలుపు వచ్చినను, తాను పోయినచో ఇచటనున్న తనవారికి కీడు కలుగునని తలచి ఆమె పోలేదు. ఆమె ఏడు పదులు నిండిన దినమున మాత్రము దేశవిదేశములనుండి లేఖలు వెల్లువగా వచ్చెను. చీనాదేశమున లూ షున్ మహారచయిత అంతకు ముందే ఆమె చిత్రములను పుస్తకరూపమున అచ్చొత్తించి యువచిత్రకారుల చేతికిచ్చియుండెను.

మరల యుద్ధము. 1940వ సంవత్సరమున భర్త మరణించెను. 1942వ సంవత్సరారంభమున ఆమె తన చివరి శిలాముద్రణచిత్రమును గీసెను. ఒక వృద్ధమాత రెండు చేతులు రెక్కలవలె చాచి ముగ్గురు పిల్లవాండ్రను పైవస్త్రము క్రింద అదిమిపట్టియుండును. పిల్లలు మాత్రము సందులనుండి ఉత్సాహముతో బయటికి తొంగిచూచుచుందురు. దానికి ఆమె పెట్టిన పేరు, ఇరువదినాలుగేండ్ల క్రిందట డేమెలునకు వ్రాసిన ఆ విత్తనపు గింజల మాటయే. పెద్దకుమారుడు హాన్స్ తన కొడుకునకు చనిపోయిన తమ్ముని పేరే పెట్టుకొనియుండెను. అదే సంవత్సరము సెప్టెంబరులో ఆ మనుమడు, రెండవ పేటర్, రష్యా యుద్ధరంగమున మరణించెను. ఈ తడవ ఎవరి యనుమతిని ఎవరును అడుగలేదు.

1943వ సంవత్సరమున, బాంబుల భయమున ఆమె బెర్లిను విడిచి నోర్డ్‌హౌసెను చేరెను. నవంబరులో బాంబు పడి ఏబది యేండ్లు కాపురమున్న ఆ యిల్లు కాలిపోయెను. చిత్రములును, ముద్రణపు ప్రతులును పెక్కు నశించెను. మఱుసటియేడు డ్రెస్డెను సమీపమందలి మోరిట్స్‌బర్గులో చెఱువొడ్డున ఒక ఇంట ఆమెకు ఆశ్రయము దొరికినది. మనుమరాలు తోడుగా నుండెను. 1945వ సంవత్సరము ఏప్రిల్ 22వ తేదీన ఆమె కన్నుమూసెను. ఐరోపాలో యుద్ధము ముగియుటకు ఇంక పదునాఱు దినములే యుండెను.

మృతపుత్రుని ఒడిలో దాచుకొన్న తల్లిగా ఆమె వృద్ధాప్యమున చేసిన చిన్నబొమ్మను పెద్దది చేయించి, 1993వ సంవత్సరమున బెర్లినులోని స్మారకమందిరమున, పైకప్పు నడుమ తెఱచియుంచిన గుండ్రని రంధ్రము క్రింద నిలిపిరి. వానయైనను మంచైనను ఆ తల్లిపైననే పడును. రోగెవెల్డ సమాధులను 1950వ దశకమున వ్లాడ్‌స్లో అను చోటికి తరలించిరి. వానితోపాటు విగ్రహములును కదలెను. అచట 25 వేలకు పైబడిన జర్మను సైనికులు నిద్రించుచున్నారు. నేలమీద పఱచిన ఱాళ్లపై వారి పేర్లు వరుసలుగా చెక్కబడియున్నవి. తండ్రి విగ్రహమునకు ఎదుటనున్న ఒక ఱాతిపై, మఱికొందఱి పేర్ల నడుమ, పేటర్ కోల్విట్స్ అను పేరు కనబడును.